పనిమంతుడు ఫ్రెడ్ కీనర్: బొగ్గు రేవు నుంచి వెంబ్లీ దాకా

1927 ఏప్రిల్ 23, శనివారం. లండన్ వెంబ్లీ స్టేడియంలో 91,206 మంది ఇంగ్లండ్ ఫుట్‌బాల్ సంఘం నడిపే ఎఫ్‌ఏ కప్ ఫైనల్ చూస్తున్నారు. ఆట మొదలై 74 నిమిషాలైంది, ఇంకా గోల్ పడలేదు. కుడివైపు గీత దగ్గర నుంచి ఒక త్రో వచ్చింది. వేల్స్ క్లబ్బు కార్డిఫ్ సిటీ సెంటర్ ఫార్వర్డ్ హ్యూయీ ఫెర్గూసన్ బంతి అందుకుని గోల్ వైపు తన్నాడు. గట్టి దెబ్బేమీ కాదది. నేలబారుగా, తాపీగా వెళ్లిన బంతి. ఆర్సెనల్ గోల్‌కీపర్ డాన్ లూయిస్ మోకాలు నేలకానించి దాన్ని ఒడిసి పట్టుకున్నాడు. పట్టుకున్నాడనే అందరూ అనుకున్నారు. కానీ బంతి చేతుల్లోంచి జారి చంక కిందికి పోయింది. మీదికి దూసుకొస్తున్న కార్డిఫ్ ఆటగాడు ఒకపక్క, జారిపోతున్న బంతి మరోపక్క. లూయిస్ వెనక్కి తిరిగి అందుకోబోయేసరికి మోచెయ్యి తగిలి బంతి మెల్లగా గీత దాటింది.

ఆట 1-0తో ముగిసింది. 1871లో పుట్టిన ఎఫ్‌ఏ కప్ మొదటిసారి ఇంగ్లండ్ పొలిమేర దాటి వేల్స్‌కు చేరింది. మళ్లీ ఇప్పటిదాకా దాటలేదు. ఆ సాయంత్రం ఐదో జార్జి రాజు ఎదుట కప్పు అందుకున్న కార్డిఫ్ కెప్టెన్ పేరు ఫ్రెడ్ కీనర్. ముప్పై రెండేళ్ల మనిషి, కాలి మీద యుద్ధంలో తగిలిన గాయపు మచ్చ.

ఆ ఫైనల్ గురించి చెప్పేవాళ్లు ఎక్కువగా లూయిస్ చేతిలోంచి జారిన బంతి గురించే చెబుతారు. కీనర్ ఆ ఫొటోలో కప్పు పట్టుకున్న మనిషిగా మిగిలిపోయాడు. నిజానికి ఆ రోజుకు ముందు పదిహేనేళ్లు, తర్వాత పదేళ్లు చూస్తే తప్ప అతనెవరో అర్థం కాదు. కీనర్ కాళ్లతో మాయ చేసే కళాకారుడు కాడు. అడ్డుకోవడం, లాక్కోవడం, అరిచి జట్టును నిలబెట్టడం, మళ్లీ శనివారం వచ్చి అదే చేయడం: ఇదీ అతని ఆట. తెలుగులో ఇలాంటివాణ్ని పనిమంతుడు అంటాం. ఆ రోజుల్లో ఫుట్‌బాల్ కూడా అతణ్ని అచ్చంగా పనివాడిలాగే చూసింది. శక్తి ఉన్నన్నాళ్లూ వాడుకుంది, ఉడిగాక పంపేసింది.

కీనర్ 1894 జూలై 31న కార్డిఫ్‌లోని రోత్ ప్రాంతంలో పుట్టాడు. అప్పటికి కార్డిఫ్ వేల్స్‌కు రాజధాని కాదు, ఆ హోదా 1955లో వచ్చింది. కానీ బొగ్గు వ్యాపారానికి మాత్రం అది రాజధానే. రోండ్డా, మెర్థిర్ లోయల్లో తవ్విన బొగ్గు రైలు పెట్టెల్లో దిగి, కార్డిఫ్ రేవుల్లో ఓడలెక్కి దేశదేశాలకు పోయేది. 1913లో ఒక్క కార్డిఫ్ నుంచే కోటి టన్నులకు పైగా ఎగుమతయింది. పనికోసం ఇంగ్లండ్ నుంచి, ఐర్లండ్ నుంచి, సముద్రాల అవతలి నుంచి జనం వచ్చి పడ్డారు. ఊరు చూస్తుండగానే పెరిగింది. 1905లో నగరమనే గుర్తింపు వచ్చింది.

ఆ నగరంలో ఆటంటే రగ్బీ. అదే 1905 డిసెంబర్‌లో, అప్పటిదాకా ఆ పర్యటనలో ఓటమెరుగని న్యూజిలాండ్ జట్టును వేల్స్ కార్డిఫ్ ఆర్మ్స్ పార్క్‌లో 3-0తో ఓడించింది. అప్పుడు కీనర్‌కు పదకొండేళ్లు. అలాంటి ఊళ్లో ఫుట్‌బాల్ వేళ్లూనుకోవడం చిన్న విషయం కాదు. 1899లో రివర్‌సైడ్ పేరుతో మొదలైన క్లబ్బు తర్వాత కార్డిఫ్ సిటీగా పేరు మార్చుకుంది. 1910లో చెత్త పోసే దిబ్బను చదును చేసి కట్టుకున్న నినియన్ పార్క్‌లోకి మారింది. ఆ మైదానానికి పేరిచ్చిన లార్డ్ నినియన్ క్రిక్టన్-స్టూవర్ట్ కార్డిఫ్ రేవుల్ని కట్టించిన బ్యూట్ వంశంవాడు, ఆ ఊరి పార్లమెంటు సభ్యుడు. 1915 అక్టోబర్‌లో ఫ్రాన్స్‌లో లూస్ దగ్గర యుద్ధంలో చనిపోయాడు.

కీనర్ బడిలో ఉండగానే వేల్స్ బాలుర జట్టుకు ఆడాడు. 1912లో మేనేజర్ ఫ్రెడ్ స్టీవర్ట్ అతణ్ని కార్డిఫ్ సిటీలోకి తీసుకున్నాడు. మరుసటి ఏడాది చివర్లో మొదటి జట్టులో చోటు దొరికింది. అప్పటికి క్లబ్బు ఇంకా ఫుట్‌బాల్ లీగ్ కంటే కింది స్థాయిదైన సదరన్ లీగ్‌లోనే ఉంది. కుర్రాడు కుదురుకునేలోపు యుద్ధం వచ్చింది.

1914 ఆగస్టులో మొదటి ప్రపంచ యుద్ధం మొదలైనా ఫుట్‌బాల్ సీజన్ ఆగలేదు. కుర్రాళ్లు కందకాల్లో చస్తుంటే బలిసిన ఆటగాళ్లు జీతాలకు బంతులు తన్నుతున్నారని పత్రికల్లో దుమ్మెత్తిపోశారు. ఆ ఒత్తిడి నుంచే డిసెంబర్‌లో మిడిల్‌సెక్స్ రెజిమెంట్ 17వ బెటాలియన్ పుట్టింది. జనం దాన్ని ఫుట్‌బాలర్ల బెటాలియన్ అన్నారు. కీనర్ 1915 మొదట్లో అందులో చేరాడు. నల్లజాతి ఆటగాళ్లలో ఆద్యుల్లో ఒకడైన వాల్టర్ టల్ కూడా అందులోనే ఉన్నాడు. మేజర్‌గా ఉన్న ఫ్రాంక్ బక్లీ తర్వాత వుల్వర్‌హాంప్టన్ వాండరర్స్ మేనేజరై, 1938లో మెర్థిర్ కుర్రాడు బ్రిన్ జోన్స్‌ను 14,000 పౌండ్ల రికార్డు ధరకు ఆర్సెనల్‌కు అమ్మాడు. వేల్స్ ఫుట్‌బాల్ కథ ఎటు తిరిగినా ఆ బెటాలియన్ దగ్గర ఒకసారి ఆగాల్సిందే.

1916 వేసవిలో ఆ బెటాలియన్ ఫ్రాన్స్‌లోని సోమ్ యుద్ధంలో డెల్విల్ వుడ్ అనే చిన్న అడవిలోకి దిగింది. పేరుకు అడవి. వారాల తరబడి కురిసిన గుండ్లకు చెట్లన్నీ మొండాలయ్యాయి. తవ్విన గుంట తవ్వినట్టే పూడిపోయేది. ఆ నేల మీద పేలిన గుండు ముక్కలు కీనర్ కాల్లో దిగాయి. పడిపోయిన చోటే వదిలేసి ఉంటే కథ అక్కడే ముగిసేది. తోటి సైనికుడొకడు లాక్కుంటూ తీసుకెళ్లి వైద్య శిబిరానికి చేర్చాడు. కాలు తీసేయాల్సి వస్తుందేమో అన్నంత దాకా పోయింది గాయం. ఫుట్‌బాల్ ఆటగాడికి కాలు పోవడమంటే బతుకుతెరువు పోవడమే. కాలు మిగిలింది. మళ్లీ ఆడగలడని నమ్మినవాళ్లు తక్కువ. అతను ఆడాడు. ఆ కాలితోనే ఇంకో పద్దెనిమిదేళ్లు, ఇంగ్లిష్ లీగ్ బురదల్లో.

ఈ విషయాన్ని కీనర్ జీవితకథలో ఒక పేరాగా చెప్పి దాటేయడం అలవాటైపోయింది. ఇది పేరాతో పోయేది కాదు. 1920ల బ్రిటిష్ ఫుట్‌బాల్ మొత్తం ఈ తరం మనుషులదే. మైదానంలో వాళ్లు మొరటుగా ఉన్నారంటే, దెబ్బ తగిలితే మూలగకుండా లేచారంటే, అంతకంటే పెద్ద దెబ్బలు చూసి వచ్చారు గనక. అప్పట్లో ఆట మధ్యలో మారుగా దిగే ఆటగాళ్లు లేరు. ఎవరికైనా దెబ్బ తగిలితే కుంటుతూ ఆడాలి, లేదా జట్టు పదిమందితో ఆడాలి. వానకు తడిసిన తోలు బంతి రాయిలా బరువెక్కేది. దాన్ని తలతో కొట్టడం కూడా ఉద్యోగంలో భాగమే.

యుద్ధం తర్వాత కార్డిఫ్ సిటీ పెరిగిన వేగం ఇప్పటికీ అబ్బురమే. 1920లో ఇంగ్లండ్‌లోని ఫుట్‌బాల్ లీగ్ వాళ్లు ఆ క్లబ్బును నేరుగా సెకండ్ డివిజన్‌లో చేర్చుకున్నారు. మరుసటి ఏడాదికే అన్నిటికంటే పైదైన ఫస్ట్ డివిజన్. యుద్ధం ముగిశాక కొన్నాళ్లు బొగ్గుకు ధర బాగా పలికింది, ఊళ్లో డబ్బు ఆడింది, నినియన్ పార్క్ కిటకిటలాడింది. ఆ డబ్బుతో క్లబ్బు స్కాట్లండ్, ఐర్లండ్‌ల నుంచి మంచి ఆటగాళ్లను తెచ్చుకుంది.

1923-24లో లీగ్ టైటిల్ చేతిదాకా వచ్చి జారిపోయింది. చివరిరోజు బర్మింగ్‌హామ్‌లో ఆట గెలిస్తే చాలు, కార్డిఫ్ ఇంగ్లండ్ ఛాంపియన్. గోల్స్ లేకుండా సాగుతున్న ఆటలో పెనాల్టీ దొరికింది. లెన్ డేవిస్ తన్నాడు. గోల్ కాలేదు. ఆట 0-0. అదే సమయంలో హడర్స్‌ఫీల్డ్ టౌన్ తన ఆటను 3-0తో గెలిచింది. రెండు జట్లకూ 57 పాయింట్లే. అప్పటి లెక్క గోల్ సగటు: కొట్టిన గోల్స్‌ను ప్రత్యర్థులకు ఇచ్చిన గోల్స్‌తో భాగించడం. హడర్స్‌ఫీల్డ్ 60 కొట్టి 33 ఇచ్చింది, సగటు 1.818. కార్డిఫ్ 61 కొట్టి 34 ఇచ్చింది, సగటు 1.794. వెంట్రుకవాసి తేడాతో టైటిల్ పోయింది. ఇప్పటి పద్ధతిలో గోల్స్ తేడా చూస్తే ఇద్దరిదీ 27, అప్పుడు ఎక్కువ గోల్స్ కొట్టిన కార్డిఫే ఛాంపియన్. పాపం లెన్ డేవిస్! ఆ క్లబ్బు చరిత్రలో లీగ్ ఆటల్లో అందరికంటే ఎక్కువగా 128 గోల్స్ కొట్టింది అతనే. అయినా చాలామందికి గుర్తున్నది ఆ పెనాల్టీయే.

ఆ ఏడాదే ఫిబ్రవరిలో నినియన్ పార్క్‌లో వేల్స్, స్కాట్లండ్ తలపడ్డాయి. వేల్స్ కెప్టెన్ కీనర్. స్కాట్లండ్ కెప్టెన్ జిమ్మీ బ్లెయిర్. ఇద్దరూ కార్డిఫ్ సిటీ వాళ్లే, వారమంతా ఒకే మైదానంలో కలిసి సాధన చేసేవాళ్లే. నాణెం ఎగరేయడానికి ఇద్దరూ ఎదురుబొదురుగా నిలబడ్డారు. వేల్స్ 2-0తో గెలిచింది. ఆ సీజన్‌లో ఇంగ్లండ్‌నూ ఐర్లండ్‌నూ కూడా ఓడించి బ్రిటిష్ ఛాంపియన్‌షిప్ ఎత్తుకుపోయింది.

1925లో కార్డిఫ్ మొదటిసారి వెంబ్లీ ఫైనల్ చేరింది. షెఫీల్డ్ యునైటెడ్ చేతిలో 1-0తో ఓడింది. మధ్య వరుసలో ఆడే హాఫ్ బ్యాక్ హ్యారీ వేక్ ఒక్క క్షణం ఏమరుపాటుగా ఉంటే ఫ్రెడ్ టన్‌స్టాల్ బంతి లాక్కుని గోల్ కొట్టాడు.

అదే వేసవిలో ఆటనే మార్చేసిన సవరణ వచ్చింది. అప్పటిదాకా బంతి అందుకునే ఫార్వర్డ్‌కూ గోల్ గీతకూ మధ్య కనీసం ముగ్గురు ప్రత్యర్థులు లేకపోతే ఆఫ్‌సైడ్, అంటే తప్పు కింద లెక్క. ఇకనుంచి ఇద్దరు చాలన్నారు. గోల్స్ వరదలా పడ్డాయి. ఆ వరదకు అడ్డుకట్ట వేయడానికి జట్లు సెంటర్ హాఫ్‌ను వెనక్కి లాగాయి. పాత సెంటర్ హాఫ్ ఒక రకంగా జట్టుకు ఇరుసు. అడ్డుకునేదీ అతనే, ముందుకు అందించేదీ అతనే, మైదానమంతా తిరిగేవాడు. కొత్త పద్ధతిలో అతను ఇద్దరు బ్యాక్‌ల మధ్య మూడో స్తంభంగా నిలబడాలి. మేనేజర్ హెర్బర్ట్ చాప్‌మన్ ఆర్సెనల్‌లో ఈ పద్ధతికి పదును పెట్టాడు. కీనర్ పాత బడిలో చదువుకున్న సెంటర్ హాఫ్. 1927 ఫైనల్లో మధ్యలో నిలబడింది ఐర్లండ్ వాడు టామ్ స్లోన్, కీనర్ కుడి హాఫ్‌గా ఆడాడు. ముప్పై దాటాక, తనకు పేరు తెచ్చిన చోటు వదిలి పక్కకు జరగడం ఏ ఆటగాడికైనా కష్టమే. జరిగాడు గనకే ఆ జట్టు కుదిరిందని చెప్పాలి.

1927 కప్పు విలువ తెలియాలంటే 1926 ఎలా గడిచిందో చూడాలి. 1925లో ఆర్థికమంత్రి విన్‌స్టన్ చర్చిల్ పౌండును యుద్ధానికి ముందరి బంగారం విలువకు తిరిగి ముడిపెట్టాడు. దాంతో బ్రిటిష్ బొగ్గు విదేశాల్లో ప్రియమైంది. జర్మనీ, పోలండ్ బొగ్గు చవగ్గా దొరుకుతోంది. ఎగుమతి మీదే బతికే దక్షిణ వేల్స్‌కు ఇది గొడ్డలిపెట్టు. గని యజమానులు కూలి తగ్గిస్తాం, పనిగంటలు పెంచుతాం అన్నారు. 1926 మే నెలలో దేశమంతా తొమ్మిది రోజులు సమ్మె కట్టింది. తర్వాత మిగతా సంఘాలన్నీ పనిలోకి పోయినా గని కార్మికులు మాత్రం చలికాలం దాకా బయటే నిలబడ్డారు. లోయల్లో ఉమ్మడి వంటశాలల్లో పిల్లలకు సూప్ పోశారు. చివరికి ఆకలి గెలిచింది. తక్కువ కూలికి, ఎక్కువ గంటలకు ఒప్పుకుని గనుల్లోకి దిగారు. చాలామందికి ఆ దిగే అవకాశం కూడా దక్కలేదు.

అది జరిగిన కొన్ని వారాలకే, 1927 జనవరిలో, కార్డిఫ్ కప్పు ప్రయాణం మొదలైంది. ఆస్టన్ విల్లాను 2-1తో, డార్లింగ్‌టన్‌ను 2-0తో, బోల్టన్‌ను 2-0తో దాటారు. చెల్సీతో మొదటి ఆట డ్రా, రెండో ఆటలో 3-2. సెమీఫైనల్లో రెడింగ్‌పై 3-0. దారిలో ఎక్కడో దొరికిన ఒక నల్లపిల్లిని ట్రిక్సీ అని పేరు పెట్టి అదృష్టం కోసం పెంచుకున్నారు కూడా. మనకు నల్లపిల్లి ఎదురొస్తే అపశకునం, అక్కడ శుభం.

ఫైనల్లో దిగిన పదకొండుమందిని చూస్తే అది రేవు పట్నపు జట్టని ఇట్టే తెలుస్తుంది. వేల్స్ వాళ్లు ముగ్గురే: కీనర్, లెన్ డేవిస్, పందొమ్మిదేళ్ల ఎర్నీ కర్టిస్. ఐర్లండ్ వాళ్లు నలుగురు: గోల్‌కీపర్ టామ్ ఫార్క్హర్సన్, వాట్సన్, స్లోన్, ఇర్వింగ్. స్కాట్లండ్ వాళ్లు ముగ్గురు: నెల్సన్, ఫెర్గూసన్, మెక్‌లాక్లన్. ఇంగ్లండ్ వాడు ఒకే ఒక్కడు, బిల్లీ హార్డీ. నాలుగు దేశాల మనుషుల్ని ఒక్క తాటిమీద నడిపినవాడు రోత్ వీధుల్లో పెరిగిన కీనర్. అప్పట్లో మేనేజర్ మైదానం పక్కన నిలబడి సైగలు చేసే అలవాటు లేదు. ఈల ఊదాక ఎవర్ని ఎక్కడ నిలబెట్టాలి, ఎప్పుడు వెనక్కి తగ్గాలి, ఎప్పుడు ముందుకు దూకాలి అన్నీ కెప్టెన్ గొంతు మీదే నడిచేవి. ఆర్సెనల్‌కు చార్లీ బుకన్, జో హ్యూమ్ లాంటి ఫార్వర్డ్‌లున్నారు. తొంభై నిమిషాలు వాళ్లకు గోల్ దక్కలేదు. లూయిస్ చేయి జారడం అదృష్టమనుకున్నా, అవతలి వైపు తలుపు మూసి ఉంచడం మాత్రం అదృష్టం కాదు.

ఆ ఆటను బీబీసీ రేడియోలో నేరుగా ప్రసారం చేసింది. ఎఫ్‌ఏ కప్ ఫైనల్‌కు అదే మొదటిసారి. కార్డిఫ్‌లో కేథేస్ పార్క్ దగ్గర లౌడ్‌స్పీకర్ల కింద వేలమంది గుమిగూడి విన్నారు. కూలి తగ్గిపోయి, దుకాణాల్లో అప్పు పుట్టక, ఏడాదిగా మంచి కబురన్నది వినని జనం ఒక్క గోల్ మాట వినగానే ఎలా ఊగిపోయి ఉంటారో ఊహించవచ్చు. జట్టు కప్పుతో ఊరు చేరేసరికి లక్షకు పైగా జనం వీధుల్లో ఉన్నారు. అదే సీజన్‌లో వేల్స్ కప్పు కూడా వాళ్లదే.

ఇక్కడ డాన్ లూయిస్ మాట చెప్పకపోతే అన్యాయమవుతుంది. అతనూ వేల్స్ వాడే, రోండ్డా లోయలోని మేర్డీ అనే గని ఊరివాడు. వేల్స్ జట్టులో కీనర్‌తో కలిసి ఆడినవాడు. తన దేశపు జట్టుకు కావాలనే గోల్ వదిలాడని నిందలు మోశాడు. కొత్త ఉన్ని జెర్సీ నునుపుగా ఉండడంవల్ల బంతి జారిందని తర్వాత చెప్పారు. అప్పటినుంచి ఫైనల్‌కు ముందు కీపర్ జెర్సీ ఉతికాకే వేసుకోవడం ఆర్సెనల్‌లో ఆనవాయితీ అయిందంటారు. ఆట ముగిశాక లూయిస్ తన పతకాన్ని గడ్డిలోకి విసిరేస్తే, వేల్స్ వాడే అయిన బాబ్ జాన్ వెతికి తెచ్చి, ఇంకో అవకాశం వస్తుందిలే అని ఓదార్చాడట. 1930లో ఆర్సెనల్ మళ్లీ ఫైనల్ చేరింది, గెలిచింది కూడా. దెబ్బ తగిలి లూయిస్ ఆడలేకపోయాడు. గోల్ కొట్టిన ఫెర్గూసన్ కథ ఇంకా విషాదం. 1929లో స్కాట్లండ్‌కు తిరిగివెళ్లి డండీలో చేరాడు. ఆట కలిసిరాలేదు, ప్రేక్షకులు హేళన చేశారు. 1930 జనవరిలో ఆ క్లబ్బు మైదానంలోనే ప్రాణం తీసుకున్నాడు. ఆ ఒక్క గోల్‌తో ముడిపడ్డ ఇద్దరిలో ఎవరికీ అది సుఖమివ్వలేదు.

కప్పు గెలిచిన రెండేళ్లకు, 1929లో, కార్డిఫ్ ఫస్ట్ డివిజన్ నుంచి పడిపోయింది. ఆ సీజన్‌లో డివిజన్ మొత్తం మీద అందరికంటే తక్కువ గోల్స్ ఇచ్చిన జట్టు కార్డిఫే. అయినా పట్టికలో అడుగున నిలిచింది. గోల్స్ కొట్టేవాళ్లు కరువయ్యారు. కొత్తవాళ్లను కొనడానికి డబ్బు లేదు, డబ్బిచ్చే జనానికి పని లేదు. రెండు ప్రపంచ యుద్ధాల మధ్య దాదాపు నాలుగు లక్షల మంది వేల్స్ విడిచి లండన్‌కో, కోవెంట్రీకో, ఆక్స్‌ఫర్డ్‌కో పని వెతుక్కుంటూ పోయారు. అలా పోయినవాళ్లలో శనివారం మధ్యాహ్నాలు నినియన్ పార్క్ మెట్లమీద నిలబడ్డవాళ్లు ఎంతమందో! 1931లో క్లబ్బు థర్డ్ డివిజన్‌కు దిగజారింది. జట్టు జాతకం బొగ్గు ధరతోనే ఎక్కింది, బొగ్గు ధరతోనే దిగింది.

ఈ పతనం మధ్యలోనే కీనర్ జీవితంలో అన్నిటికంటే గొప్పదని చెప్పదగిన మధ్యాహ్నం వచ్చింది. 1930 అక్టోబర్ 25న గ్లాస్గోలోని ఐబ్రాక్స్‌లో స్కాట్లండ్‌తో వేల్స్ ఆడాలి. ఇంగ్లండ్ లీగ్ క్లబ్బులు తమ ఆటగాళ్లను వదలబోమన్నాయి. శనివారం లీగ్ ఆటలుంటాయి, జీతం ఇచ్చేది మేము, దేశం తర్వాత అన్నది వాళ్ల వాదన. వేల్స్ ఫుట్‌బాల్ సంఘం కార్యదర్శి టెడ్ రాబిన్స్ అక్కడా ఇక్కడా గాలించి, చిన్న లీగుల వాళ్లతో, జీతం లేకుండా సరదాకు ఆడేవాళ్లతో జట్టు కూర్చాడు. పదకొండుమందిలో తొమ్మిదిమంది దేశం తరఫున ఆడడం అదే మొదటిసారి. పత్రికలు వాళ్లకు అనామకులని పేరు పెట్టాయి. స్కాట్లండ్ ఎన్ని గోల్స్ కొడుతుందన్నదే పందెం.

ఆ అనామకులకు కెప్టెన్ ముప్పై ఆరేళ్ల కీనర్. ఆటకు ముందు గదిలో అతను చెప్పినట్టు ఒక మాట వేల్స్‌లో ఇప్పటికీ చెప్పుకుంటారు: వాళ్లూ పదకొండుమందే, మనమూ పదకొండుమందిమే, ఉన్నది ఒక్కటే బంతి, అది మనది. అక్షరాలా ఇదే అన్నాడా లేదా అన్నదాంతో పని లేదు, ఆ మధ్యాహ్నం జరిగిందాన్ని బట్టి చూస్తే అనే ఉంటాడు. ఆరు నిమిషాలకే రెక్సమ్ ఆటగాడు టామీ బామ్‌ఫర్డ్ గోల్ కొట్టాడు. స్కాట్లండ్ ఒకటి కొట్టి సమం చేసింది. ఇక ఆ తర్వాత అలల్లా మీదపడ్డా రెండో గోల్ కొట్టలేకపోయింది. 1-1. వెంబ్లీలో కీనర్ పక్కన ఫార్క్హర్సన్, హార్డీ, ఫెర్గూసన్ లాంటి పండిన ఆటగాళ్లున్నారు. ఐబ్రాక్స్‌లో ఉన్నది ఒకరి ముఖం ఒకరికి తెలియని కుర్రాళ్లు. కెప్టెన్ అన్న మాటకు అర్థం వెతకాలంటే వెంబ్లీ ఫొటో కాదు, ఈ డ్రా చూడాలి.

వేల్స్ తరఫున కీనర్ మొత్తం 32 ఆటలు ఆడాడు. దేశాల మధ్య ఆటలు ఏడాదికి మూడే ఉండే కాలమది. అదీ క్లబ్బు వదిలితేనే.

1931లో, పందొమ్మిదేళ్ల తర్వాత, కార్డిఫ్ సిటీ అతణ్ని వదిలేసుకుంది. ఇంగ్లండ్‌లోని రైల్వే పట్నం క్రూకు వెళ్లి, అక్కడి క్రూ అలెగ్జాండ్రాకు మూడేళ్లు ఆడాడు. తర్వాత ఓస్వెస్ట్రీ, ఆ తర్వాత టన్‌బ్రిడ్జ్ వెల్స్. చిన్న క్లబ్బులు, ఆడుతూ జట్టును నడిపే పని.

అన్నేళ్లు ఆడి, కప్పు గెలిచినవాడు నలభై దాటాక చేతిలో ఏమీ లేకుండా ఎందుకు మిగిలాడన్నదానికి జవాబు ఆనాటి నిబంధనల్లోనే ఉంది. 1922 నుంచి ఆటగాడి జీతానికి గరిష్ఠ పరిమితి సీజన్‌లో వారానికి 8 పౌండ్లు, వేసవిలో 6 పౌండ్లు. ఎంత గొప్ప ఆటగాడైనా అంతకు మించి ఇవ్వకూడదు. నైపుణ్యమున్న పనివాడి కూలి కంటే అది మెరుగే, కాదనలేం. కానీ పనివాడికి అరవై దాకా పని ఉంటుంది, ఆటగాడికి ముప్పై ఐదు దాకానే. పోనీ జీతం చాలదని వేరే క్లబ్బుకు వెళ్దామా అంటే ఆ హక్కూ లేదు. ఒప్పందం ఏడాదికే. ఏడాది ముగిశాక కూడా ఆటగాడి నమోదు పత్రం క్లబ్బు చేతిలోనే ఉంటుంది. వాళ్లు సంతకం పెడితే తప్ప మరోచోట ఆడలేడు. అమ్ముడుపోతే ఆ డబ్బు క్లబ్బుకే. 1925లో ఫెర్గూసన్ కోసం కార్డిఫ్ 5,000 పౌండ్లు పెట్టింది, అతని వారం జీతం మాత్రం అందరితో పాటే 8 పౌండ్లు. గరిష్ఠ జీతం నిబంధన 1961 దాకా పోలేదు. పాలేరును పొలంతో సహా రాసుకున్నట్టుండే ఈ ఏర్పాటును ఆటగాళ్ల సంఘం దశాబ్దాల తరబడి ఎదిరించాల్సి వచ్చింది.

1937లో కీనర్ మధుమేహంతో ఆస్పత్రి పాలయ్యాడు. ఇన్సులిన్ అప్పటికి పదిహేనేళ్లుగా ఉంది గానీ ఉచిత వైద్యం లేదు. జాతీయ ఆరోగ్య సేవ ఇంకా పదకొండేళ్ల దూరంలో ఉంది. కుటుంబాన్ని ఆదుకోమని విరాళాలు పోగుచేశారు. కప్పు ఎత్తి అప్పటికి సరిగ్గా పదేళ్లు. సోమ్ నుంచి తిరిగొచ్చి, బొగ్గు నగరానికి దాని చరిత్రలోనే అతిపెద్ద పండుగ తెచ్చిన మనిషి కోసం చందా డబ్బా పట్టాల్సి రావడం ఆ క్రీడను నడిపినవాళ్ల తప్పు. దాన్ని వేరే ఏ పేరుతోనూ పిలవలేం.

అతను కోలుకున్నాడు. కెంట్ పల్లెప్రాంతంలో చాలా ఏళ్లు గడిపి, 1958లో సొంతూరు చేరాడు. అరవై నాలుగేళ్ల వయసులో కార్డిఫ్ కార్పొరేషన్ భవనాల విభాగంలో పనికి కుదిరాడు. 2012లో అభిమానులు పూనుకుని, కప్పు చేతబట్టిన అతని కంచు విగ్రహాన్ని కార్డిఫ్ సిటీ కొత్త స్టేడియం ముందు నిలబెట్టారు. విగ్రహం బాగుంటుంది. కార్పొరేషన్ పనికి వెళ్లిన ఆ ముసలాయన్ను మాత్రం ఎవరూ పోత పోయలేదు.

బస్సులో పక్కన కూర్చున్న కుర్రాళ్లలో ఎంతమంది గుర్తుపట్టారో గానీ, 1972 అక్టోబర్ 19న డెబ్బై ఎనిమిదేళ్ల వయసులో ఆ ఊళ్లోనే కన్నుమూశాడు. అతను పుట్టిన నాడు ఓడల రద్దీతో ఊపిరాడని రేవుల నుంచి బొగ్గు ఎగుమతి అప్పటికే నిలిచిపోయి కొన్నేళ్లయింది.